మెనూ రాని మధ్యాహ్నాలు

మొన్నామధ్య నందిగామలో మురళి అన్నయ్య ఇంటికి వెళ్లాను. మురళి నాకు సొంత అన్నయ్య కాదు, మా నాయనమ్మ చెల్లెలి మనవడు. చిన్నప్పట్నుంచీ సొంతవాళ్లకంటే ఎక్కువగా పోట్లాడుకున్నాం కాబట్టి అన్నయ్యే. నేను వెళ్లేసరికి హాల్లో గోడంత టీవీ ముందు వాళ్లమ్మాయి హాసిని గడ్డం కింద చెయ్యి పెట్టుకుని కూర్చుని ఉంది. తెర మీద ఒక గుండ్రటి గీత తన తోక తనే పట్టుకోబోతున్నట్టు తిరుగుతోంది. ఏం సినిమా అని అడిగితే, "సినిమా కాదత్తా, గేమ్. మెనూ లోడ్ అవ్వట్లేదు" అంది. అన్నయ్య వెళ్లి వైఫై డబ్బా ఆపి మళ్లీ వేసాడు. వదిన వంటింట్లోంచి వచ్చి, ఇలాంటివి చాలా చూసినదానిలా ప్లగ్గు పీకి, పెట్టి వెళ్లిపోయింది. గీత తిరుగుతూనే ఉంది. అప్పుడు నాకు తెలియకుండానే సోఫాలోంచి లేచి, టీవీ కింద ఉన్న నల్లపెట్టె పక్కన మోకాళ్ల మీద కూర్చుని, దాని సందుల్లోకి గట్టిగా ఊదాను.

"ఏం చేస్తున్నావత్తా?" అంది హాసిని.

"ఊదుతున్నా."

"ఎందుకు?"

ఎందుకో ఒక్క ముక్కలో చెప్పడం కుదరలేదు. పాపం ఆ పిల్ల నవ్వకుండా, పెద్దవాళ్లకి చెప్పే గొంతుతో, ఇందులో క్యాసెట్లు ఉండవనీ, ఆటంతా నెట్‌లోంచి దిగుతుందనీ చెప్పింది. తర్వాత మీట నొక్కి పట్టుకుని పెట్టెని పూర్తిగా ఆర్పేసి, కాసేపాగి లేపి, లోపల ఎక్కడో పేరుకున్న పాత ఫైళ్లు తుడిచేసింది. మెనూ వచ్చింది. అదే ఊపులో నా ఫోను కూడా చూసిపెట్టింది. అందులో నేనాడుకునే పదాల ఆట చాలా రోజులుగా మెనూ దగ్గరే ఆగిపోతోంది. ఫోన్లో తేదీ తప్పుందట. "నీ ఫోను ఇంకా పోయిన నెల్లోనే ఉందత్తా, అందుకే ఆ ఆట నిన్ను రానివ్వట్లేదు" అంది. మురళి అన్నయ్య మాత్రం ఇంకా నవ్వుతూనే ఉన్నాడు. "అచ్చం పేట నాయనమ్మలాగే ఊదావే పద్దూ. ఊదుగొట్టం ఒక్కటే తక్కువ" అన్నాడు. ఆ మాటతో ఆ పూటంతా మేమిద్దరం కాఫీలు చల్లారబెట్టుకుంటూ పాత సంగతుల్లోనే ఉండిపోయాం.

పేట నాయనమ్మ అంటే మా నాయనమ్మ. జగ్గయ్యపేటని మేమంతా పేట అనే అంటాం. పేట బజారులో మా ఇల్లు. ముందు హోల్‌సేల్ కిరాణా కొట్టు, వెనక మేము. ఎండుమిర్చి బస్తాల పక్కనుంచి నడిచి ఇంట్లోకి రావాలి కాబట్టి కొత్తవాళ్లు ఎవరొచ్చినా ముందు తుమ్మి, తర్వాత పలకరించేవాళ్లు. మాకు మాత్రం ఆ ఘాటు తెలిసేది కాదు. బెల్లం దిమ్మల వాసన, కొత్త గోనెసంచుల వాసన, నాన్న పొద్దున్నే కొట్టు తీసి వెలిగించే అగరొత్తి వాసన కలిసిపోయి, అదే గాలి అనుకునేవాళ్లం. నాయనమ్మ ఇత్తడి ఫిల్టర్లో కాఫీ దించుకుని రెండో గ్లాసు తాగేదాకా ఇంట్లో ఎవరూ ఆవిడతో మాట్లాడకూడదు. మాట్లాడితే సమాధానం వచ్చేది గానీ అది మనం అడిగినదానికి అయ్యుండేది కాదు. మధ్యాహ్నం భోజనాలయ్యాక బజారంతా కునుకు తీసేది. నాన్న కొట్లో కుర్చీలోనే మొహం మీద తువ్వాలు కప్పుకుని పడుకునేవాడు. అమ్మ గదిలో నడుం వాల్చేది. నాయనమ్మ మాత్రం చింతపండు చాట ముందేసుకుని పిక్కలు తీస్తూ కూర్చునేది. ఆవిడకి పగటి నిద్ర అంటే చిన్నచూపు.

అలాంటి ఇంట్లోకి వీడియో గేము పొరపాటున వచ్చింది. ఒక సబ్బుల కంపెనీవాళ్లు డీలర్లకి స్కీము పెట్టి బహుమతులిచ్చారు. నాన్నకి వెట్ గ్రైండర్ వస్తుందని ఏజెంటు ముందే చెప్పి వెళ్లాడు. నాయనమ్మ వంటింట్లో ఒక మూల ఖాళీ చేయించి, ముగ్గు కూడా వేయించింది. తీరా అట్టపెట్టె విప్పితే అందులో పలకంత ప్లాస్టిక్ డబ్బా, తోకలున్న రిమోట్లు, ఒక పసుపు రంగు క్యాసెట్ ఉన్నాయి. నాయనమ్మ డబ్బాని అటూ ఇటూ తిప్పి చూసి, "ఇందులో పప్పెక్కడ పోస్తారు?" అని అడిగింది. పప్పు పొయ్యరనీ, టీవీకి తగిలించి ఆడుకుంటారనీ నాన్న చెప్పాడు. ఆవిడ వంటింట్లోకి వెళ్లి ముగ్గు తుడిచేసింది.

ఆ క్యాసెట్ దోపి స్విచ్ వేస్తే ముందు మెనూ రావాలి. ఆటల పేర్లన్నీ వరసగా కనిపిస్తాయి, కావలసినదాని దగ్గర బాణం ఆపి మీట నొక్కాలి. కానీ మా ఇంట్లో ఆ మెనూ ఎప్పుడూ తిన్నగా రాలేదు. ఒకరోజు తెరంతా బూడిదరంగు గళ్లు. ఇంకోరోజు అక్షరాలన్నీ కలగాపులగమై, కాలిన అప్పడంలా వంకర్లు. ఒక్కోసారి పాట మోగేది, బొమ్మ ఉండేది కాదు. అమ్మ ఛానెల్ తిప్పేది. నాన్న వచ్చి టీవీ పక్కన ఒకటి చరిచి, తన దెబ్బకి భయపడి అది ఇక బాగైపోతుందన్నట్టు కాసేపు నిలబడి వెళ్లిపోయేవాడు. నేను అడాప్టర్ తీసి పెట్టేదాన్ని. నాయనమ్మ చింతపండు చాట దగ్గర్నుంచే ఇదంతా చూస్తూ ఉండేది.

"మెనూ అంటే ఏంటే?" అని ఒకరోజు అడిగింది.

"ఏయే ఆటలున్నాయో చూపించి, ఏది కావాలో అడుగుతుంది నాయనమ్మా."

"అంటే విస్తరేసి ఏమేమున్నాయో చెప్పడం లాంటిదా?"

"ఆ, అలాంటిదే."

"మరి పిలిచి కూర్చోబెట్టి, విస్తరెయ్యకుండా ఇంతసేపు తిప్పుకోవడం ఏం మర్యాద?" అంది. ఆవిడ లెక్కలో అది యంత్రం చెడిపోవడం కాదు, ఆతిథ్యంలో లోటు. చాట పక్కన పెట్టి లేచి, పెరట్లో నీళ్లపొయ్యి దగ్గర్నుంచి ఇనప ఊదుగొట్టం తెచ్చింది. ఒక కొస నోటికి, ఇంకో కొస క్యాసెట్ దూర్చే కన్నానికి పెట్టి, తడి కట్టెలు అంటించే లెవెల్లో ఊదింది. లోపల్నుంచి మిరపకారం నుసి లేచింది. మా ఇంట్లో ఏ వస్తువు దులిపినా కారమే రాలేది. ఇద్దరం తుమ్మడం పూర్తయ్యాక క్యాసెట్ పెట్టి చూస్తే, మెనూ చక్కగా వచ్చి కూర్చుంది.

ఆ రోజు నేను ట్యూషన్‌కి వెళ్లి తిరిగొచ్చేసరికి నాయనమ్మ టీవీ ముందు పీట వేసుకుని మోటారుసైకిల్ పందెం ఆడుతోంది. నన్ను చూసి కొంచెం కూడా తడబడలేదు. "నువ్వెళ్లిపోయావు. ఆ పిల్లాడు బండెక్కి అలాగే నిలబడ్డాడు. ఎవరూ తోలకపోతే ఎంతసేపు నిలబడతాడు పాపం" అంది. తర్వాత అది రోజువారీ పనైపోయింది. మలుపు వస్తే మనిషి మొత్తం అటు ఒరిగిపోయేది. బండి గాల్లోకి లేస్తే పీట మీంచి లేచేది. వాడు కిందపడితే "లేవరా నాయనా, దులుపుకో" అని దిగులుపడేది. వాడు పొద్దుట్నుంచీ మంచినీళ్లు కూడా తాగలేదని ఆవిడ బాధ. అందుకే మధ్యలో ఆట ఆపి, తను మజ్జిగ తాగి, మళ్లీ మొదలుపెట్టేది. బాతుల్ని కాల్చే ఆట కూడా ఉండేది గానీ, మెనూలో బాణం దాని మీదుగా పోయేటప్పుడు మొహం పక్కకి తిప్పుకునేది.

ఇక నందిగామ నాయనమ్మ సంగతి చెప్పాలి. మురళి వాళ్ల నాయనమ్మ, మా నాయనమ్మకి ఒక్కగానొక్క చెల్లెలు కాంతమ్మ. ఇద్దరికీ చాలా ఏళ్లుగా మాటల్లేవు. కారణం ఒక పెళ్లి ఫోటో. కాంతమ్మ నాయనమ్మ కూతురి పెళ్లిలో తీసిన పెద్ద ఫోటోలో చుట్టాలందరూ పడ్డారు, మా నాయనమ్మది మాత్రం మోచెయ్యి ఒక్కటే పడింది. మిగతా మనిషంతా పందిరి గుంజ వెనక ఉండిపోయింది. చెల్లెలు కావాలనే తనని అక్కడ నిలబెట్టిందని నాయనమ్మ. అక్కయ్యే ఫోటో అనగానే ముడి సవరించుకోవడానికి వెనక్కి వెళ్లిందని కాంతమ్మ నాయనమ్మ. నాన్న రాయబారానికి వెళ్లి పిన్నిగారింట్లో భోంచేసి, ఏమీ తేలకుండా తిరిగొచ్చాడు. పేటకీ నందిగామకీ మధ్య ఉన్నది కాస్త దూరమే. బస్సులు వస్తూనే ఉంటాయి, పోతూనే ఉంటాయి. ఆ ఇద్దరు మాత్రం ఒకరి గడప ఒకరు తొక్కలేదు.

ఆ రోజుల్లోనే మురళి చదువు కోసమని వాళ్లింట్లో కంప్యూటర్ కొన్నారు. చదువు సంగతేమో గానీ, దాంతోపాటు వచ్చిన సీడీ బిళ్లల్లో లారీ తోలే ఆట ఒకటుంది. అది కాంతమ్మ నాయనమ్మకి పట్టుకుంది. ఒక మధ్యాహ్నం కొట్లో ఫోను మోగితే నేను తీసాను. మురళి అన్నయ్య. అప్పుడు ఇంటర్ చదువుతున్నాడు.

"లారీ ఆట మెనూ రావట్లేదే పద్దూ. ఇసక గడియారం వచ్చి కూర్చుంటోంది, అంతే. నాయనమ్మ రెండు పూటల్నుంచీ ముభావంగా ఉంది. మీ వీడియో గేముకి ఏం చేస్తారు మీరు?"

వెనకాల చింతపండు చాటతో బస్తా మీద కూర్చున్న నాయనమ్మ, గాలితో మాట్లాడుతున్నట్టు, "బయటికి తీసి ఊదమను" అంది.

"బయటికి తీసి ఊదాలంట అన్నయ్యా."

"ఎవరంటున్నారు?" అన్నాడు. నాయనమ్మ చెయ్యి అడ్డంగా ఊపింది.

"నేనే అంటున్నా."

అవతల్నుంచి కాంతమ్మ నాయనమ్మ గొంతు వినిపించింది. "ఊదితే బిళ్ల ఎంగిలి అవదా అని అడగరా."

మురళి అడిగాడు. నేను చెప్పాను. నాయనమ్మ చింతపండు పిక్క ఒకటి విసురుగా పారేసి, "ఊదడం వేరు, ఉమ్మడం వేరని చెప్పు" అంది. చెప్పాను. అవతల్నుంచి, కుంకుడు రసంతో కడిగితే ఎలా ఉంటుందో కనుక్కోమంది కాంతమ్మ నాయనమ్మ. "కడుక్కోమను. కానీ తలంటినట్టు రుద్దితే గీతలు పడతాయని చెప్పు" అంది నాయనమ్మ. అలా మేమిద్దరం వైరుకి చెరోవైపూ నిలబడి, మా మా పక్కనే ఉన్న ఇద్దరు ముసలమ్మల మాటలు మోసాం. ఆ తర్వాత ప్రతి మధ్యాహ్నమూ అదే పని. బిళ్ల కుంకుడు రసంలో మునిగి తళతళలాడుతూ తేలింది గానీ మెనూ రాలేదు. ఈలోగా మా క్యాసెట్ కూడా మొండికేసింది. ఊదుగొట్టానికి కూడా లొంగలేదు. ఇక సలహాలు అటునుంచి ఇటు రావడం మొదలైంది. క్యాసెట్‌ని ఎండలో పెట్టమని, పెట్టినచోట మిరపకాయలు లేకుండా చూసుకోమని కాంతమ్మ నాయనమ్మ చెప్పి పంపింది.

ఒకరోజు మురళి చెప్పినవన్నీ యథాతథంగా చెప్పే ఊపులో ఉన్నాడు. "మోకాళ్లు ఎలా ఉన్నాయో అడగరా అంటోంది. ఆగు, వద్దంటోంది. బిళ్ల సంగతి ఒక్కటే అడగమంటోంది" అన్నాడు. నేనూ అదే ఊపులో మొత్తం చెప్పేసాను. నాయనమ్మ చేతులు చాటలో ఆగిపోయాయి. జవాబుగా ఏం చెప్పమంటావని అడిగాను. ఏమీ చెప్పొద్దంది. ఆ మధ్యాహ్నం మిగిలిన చింతపండు పిక్కలతోనే డబ్బాలోకి పోయింది. మర్నాడు రెండో గ్లాసు కాఫీ కాగానే, నాన్నని పిలిచి, "ఆ వీడియో గేము వైర్లన్నీ పీకి ఇవ్వు. రిపేరుకి నందిగామ తీసుకెళ్తున్నా" అంది. నందిగామలో రిపేరు షాపు ఎక్కడుందని నాన్న అడగబోయి, అమ్మ మొహం చూసి మానేసాడు.

వీడియో గేముని పాత చీరలో చుట్టి, చంటిపిల్లని ఎత్తుకున్నట్టు ఒళ్లో పెట్టుకుని నాయనమ్మ బస్సెక్కింది. ఊదుగొట్టం నా చేతికిచ్చింది. ఫుట్‌బోర్డు ఎక్కడానికి ఆవిడ మోకాళ్లు మొరాయిస్తే కండక్టరు చెయ్యందించి, "మూటలో ఏంటి పెద్దమ్మగారూ, జాగ్రత్తగా పట్టుకున్నారు?" అన్నాడు.

"వీడియో గేము నాయనా. మెనూ రావట్లేదు."

"మా బావమరిది ఇంట్లో కూడా ఇంతేనండి. అడాప్టర్ చూపించండి ముందు" అన్నాడు టికెట్లు కొడుతూ. చిల్లకల్లు దాటేసరికి బస్సంతా ఈ సంగతిలోకి దిగింది. బియ్యం డబ్బాలో ఒక రాత్రి పెడితే చెమ్మ లాగేస్తుందని ఒకావిడ. టీవీదే తప్పు, టీవీ మార్చండని వెనక సీట్లోంచి ఒకాయన. అసలు పిల్లలకి ఇలాంటివి కొనివ్వడమే తప్పని ఇంకొకాయన నన్ను చూసి అంటే, "ఆడేది నేనండి" అంది నాయనమ్మ. ముందు సీట్లో మా బడి మేరీ టీచరుగారు ఉన్నారు. నందిగామ చర్చిలో మీటింగుకి వెళ్తున్నారట. ఆవిడ వెనక్కి తిరిగి, "క్యాసెట్‌కి కింద ఇత్తడి పళ్లుంటాయి కదండీ, వాటిని మా అబ్బాయి పెన్సిల్ రబ్బరుతో రుద్దుతాడు" అని, హ్యాండ్‌బ్యాగులోంచి రబ్బరు తీసి ఇచ్చారు. నాయనమ్మ దాన్ని ప్రసాదంలా అందుకుంది.

మురళి వాళ్లింటి గుమ్మంలో కాంతమ్మ నాయనమ్మ నిలబడి ఉంది. నాన్న ఫోన్ చేసి చెప్పి ఉంటాడు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. ఏడుస్తారేమోనని నేను, మురళి కాస్త వెనక్కి జరిగాం.

"వైరు తెచ్చావా?" అంది కాంతమ్మ నాయనమ్మ.

"తెచ్చా."

"కాఫీ తాగుతావా?"

"మెనూ రానీ ముందు."

రబ్బరుతో పళ్లు రుద్దగానే మా క్యాసెట్ వాళ్ల టీవీలో మొదటిసారే పలికింది. అక్కడితో పని అయిపోయి ఉండేది. కానీ కంప్యూటర్ ఉంది. నాయనమ్మ దాని ముందు కూర్చుని ఇసక గడియారాన్ని కాసేపు చూసి, ఇలాంటిది ఎప్పటికీ మాట వినదని తేల్చి, బిళ్ల పెట్టే అరని బయటికి రమ్మంది. మురళి మీట నొక్కాడు. అర బయటికొచ్చింది. అరంతా ఎర్రగా ఉంది.

"ఇదేంటే కాంతం?"

"కుంకం. దసరాకి ఆయుధపూజ చేసా" అంది కాంతమ్మ నాయనమ్మ. "బయట లారీలకి చెయ్యట్లేదా? దీన్నీ తోలుతున్నాను కదా, దీనికి మాత్రం బొట్టు పెట్టొద్దా?"

"బయట లారీకి ఇంజన్లో పోస్తారా బొట్టు?"

నాయనమ్మ నా చేతిలోంచి ఊదుగొట్టం తీసుకుని, గుక్కపట్టి ఊదింది. అవతలివైపు నుంచి ఏమవుతుందో చూద్దామని మురళి వంగి ఉన్నాడు. కుంకమంతా వాడి మొహాన పడింది. వాడు అలా జాతర పోతురాజులా నిలబడి ఉండగా, వెనకాల తెర మీద ఇసక గడియారం మాయమై, పాటతో సహా మెనూ వచ్చింది. దాంట్లో లారీ బొమ్మ పక్కన ఏముందో చదివి చెప్పమని ఇద్దరూ ఒకేసారి నన్ను అడిగారు.

ఇప్పటి పెట్టెలు తమ జబ్బు తామే చెప్పుకుంటాయి, నంబరేసి మరీ. హాసిని ఆ నంబరు ఫోన్లో కొట్టి, ఎవరో ముక్కూమొహం తెలియనివాళ్లు రాసిపెట్టిన వైద్యం చదివి, సోఫాలోంచి కదలకుండా చేసేస్తుంది. అది మంచిదే, కాదనను. టీవీలు దెబ్బలు తినడం తగ్గింది, మురళి మొహం శుభ్రంగా ఉంటోంది. కానీ అప్పుడు ఒక మెనూ రావాలంటే ఇంటిల్లిపాదీ, రెండు ఊళ్లు, ఒక బస్సు నిండా జనం పూనుకోవాల్సి వచ్చేది. ఎవరికీ ఏమీ తెలియదు కాబట్టి అందరికీ చెప్పడానికి ఏదో ఒకటి ఉండేది. ఫోటో గురించి, గుంజ గురించి ఆ రోజు గానీ ఆ తర్వాత గానీ ఆ అక్కాచెల్లెళ్లు మాట్లాడుకున్నట్టు నాకు తెలియదు. వాళ్లకి తీరిక లేదు.

సాయంత్రం బస్సుకి బయల్దేరాల్సినవాళ్లం ఆగిపోయాం. మర్నాడు పొద్దున్నే కాంతమ్మ నాయనమ్మ కీబోర్డు దగ్గర డ్రైవరుగా, మా నాయనమ్మ పక్కన పీట మీద క్లీనరుగా లారీ ఎక్కారు. ఆటలో ఉన్నది ఏ దేశం రోడ్డో, చుట్టూ మంచుకొండలు. వాళ్లకవేమీ అడ్డం రాలేదు. మలుపు రాగానే "కీసర వచ్చింది, నెమ్మది" అనేది నాయనమ్మ. ఇంకాస్త పోయాక "పరిటాల. ఆంజనేయస్వామికి దణ్ణం పెట్టుకో కాంతం" అంది. కాంతమ్మ నాయనమ్మ భక్తిగా రెండు చేతులూ ఎత్తింది. లారీ వెళ్లి మంచులో దిగబడింది. "రివర్స్, రివర్స్, రానీ రానీ" అని నాయనమ్మ చేత్తో గోడ చరుస్తుంటే ఫోను మోగింది. మురళి తీసి, పెదనాన్న అని చెప్పి రిసీవరు ఆవిడకిచ్చాడు. నేను పక్కనే ఉన్నాను కాబట్టి నాన్న గొంతు వినిపిస్తూనే ఉంది.

"ఏమ్మా, ఇవాళ వచ్చేస్తున్నారా?"

"ఎక్కడరా. మెనూ ఇంకా రానేలేదు" అంది నాయనమ్మ. "ఇది ఒక పట్టాన తేలేలా లేదు. నాలుగు రోజులు పడుతుందేమో."

సరిగ్గా అప్పుడే కాంతమ్మ నాయనమ్మ లారీని మంచులోంచి బయటికి లాగి, ఆ సంతోషంలో హారన్ పొడుగ్గా కొట్టింది.

"మరి ఆ హారనేంటమ్మా?"

"హైవే కదరా నందిగామ," అంది నాయనమ్మ, "లారీలు పోతుంటాయి."